తేరని నూనె

బోనాలకు ఇంకా ఏడు రోజులున్నాయనగా మా గల్లీ గుడి కమిటీ ప్రెసిడెంటు మా మెట్ల ముందు స్కూటర్ ఆపి, దిగకుండానే హారన్ కొట్టాడు. వాళ్ల తాత మా ఇంటి వెనక తలుపు దగ్గర పాల క్యాన్ దించి, లోపలి నుంచి పిలుపు వచ్చేదాకా నిలబడేవాడని మా నాన్న చెప్పేవారు. మనవడు హారన్ కొడతాడు. కాలం మారిందంటారు అందరూ. మారనీ. హారన్ ఎందుకు?

మాది నూనె వ్యాపారం చేసిన ఇల్లు. మా ముత్తాత రోజుల్లో పాతబస్తీలో మావి నాలుగు గానుగలు తిరిగేవి. ఇప్పుడు గానుగల్లేవు, దుకాణం లేదు, ఆ దుకాణం ఉన్నచోట సెల్‌ఫోన్ కవర్లు అమ్ముతున్నారు. ఉప్పుగూడలో రైలు శబ్దం వినపడే మేడ మీద రెండు గదుల్లో ఉంటున్నాను. మాకు మిగిలింది ఒక్కటే. బోనాల ఆదివారం పొద్దున అమ్మవారి అఖండ దీపంలో మొదటి నూనె మా ఇంటి ఇత్తడి చెంబుతో, మా ఇంటి పెద్ద చేతుల మీదుగా పడాలి. దానికి కాగితం లేదు, రాగిరేకు లేదు. నాలుగు తరాలుగా గల్లీ ఒప్పుకుంది, అంతే. గల్లీ ఒప్పుకున్నదాన్ని గల్లీ తీసేసుకోగలదని ఆ పొద్దున తెలిసింది.

"లొల్లి ఏం లేదు సేఠ్," అన్నాడు ప్రెసిడెంటు. "కిషన్‌బాగ్‌ల ఒక గానుగ పెట్టిండ్రు. అసల్ ఎద్దు గానుగ. ఈసారి దీపానికి నూనె వాళ్లే ఇస్తమంటున్నరు. టెంటు, మైకు గూడ వాళ్లే పెట్టుకుంటరట. మీరొక్కసారి వచ్చి చూసి సరే అంటె మాకు మర్యాద ఉంటది."

"సరే అనకపోతే?"

"అంటరు సేఠ్. మీరు పెద్దమనుషులు గదా."

పెద్దమనిషి అనే మాటను ఈ రోజుల్లో మనిషిని పక్కకు జరపడానికే వాడుతున్నారు. చొక్కా మార్చుకుని కిందికి దిగాను. ఆ స్కూటరుకు రెండు పక్కలా పాల క్యాన్లు తగిలించే ఇనుప కొక్కేలు. వాటి మధ్య మోకాళ్లు ఇరికించుకుని, ముందున్న మనిషి భుజం పట్టుకోకుండా, కిషన్‌బాగ్ దాకా నిటారుగానే కూర్చున్నాను. దారంతా తుంపర.

అది ఒకప్పటి కట్టెల డిపో. ప్రహరీ గోడకు పేడ రంగు పెయింటు కొట్టించి, దాని మీద ముగ్గు స్టిక్కర్లు అతికించారు. పాతదాన్ని కూల్చి కొత్తది కట్టేవాళ్లను అర్థం చేసుకోగలను. కొత్తదానికి మురికి పూసి పాతదంటున్న వాళ్లను చూసినప్పుడు నాకు కోపం కూడా రాదు. గేటు దగ్గర టికెట్లు ఇస్తున్నారు. నలభై నిమిషాల ప్రదర్శన. మేం కాక పదిమంది దాకా ఉన్నారు, ఎక్కువగా నగరం అవతలి వైపు నుంచి కార్లలో వచ్చినవాళ్లు. చెవి దగ్గర మైకు తగిలించుకున్న ఒకమ్మాయి అందరి భుజాల మీదా ఎర్ర అంచు కండువాలు వేస్తోంది. నా దగ్గరికి వచ్చింది.

"అంకుల్, ఫొటోల్లో బాగుంటుంది."

"నా భుజం మీదికి కండువా ఎప్పుడు రావాలో నాకు తెలుసమ్మా," అన్నాను. ఆ పిల్ల నవ్వి పక్కవాడికి రెండు వేసింది.

లోపల పెద్ద రేకుల షెడ్డు. మధ్యలో గానుగ. నిజం చెప్పాలి, గానుగ మంచిదే. నల్లతుమ్మ మొద్దు తొలిచిన రోలు, అందులో ఏటవాలుగా నిలబడి తిరిగే రోకలి, రోకలికి కట్టిన దూలం, ఆ దూలాన్ని లాగుతూ ఎద్దు. ఎద్దు తల తిరక్కుండా కళ్లకు గంతలు కడతారు. వీళ్లు ఆ గంతలకు అద్దాలు కుట్టించారు. ఎద్దుకు బయట లోకం కనపడదు గానీ లోకానికి మాత్రం ఎద్దు మొహంలో తన మొహం కనపడుతుంది. దూలం మీద బరువుకు రాయి పెట్టడం మా ఇంట్లో పద్ధతి. ఇక్కడ వచ్చినవాళ్లను వంతులవారీగా ఎక్కించి ఫొటోలు తీస్తున్నారు. రాయి చేసే పని మనుషులు చేస్తున్నారు. పనిలో నాకు తేడా కనపడలేదు.

గానుగాయన యాభై దాటిన మనిషి. పెళ్లి బ్యాండు వాళ్లది లాంటి జరీ తలపాగా పెట్టారు ఆయనకు. తలపాగా కింద ఉన్న మొహం మాత్రం పనివాడి మొహం. కుడిచేతి వేళ్లు ఏళ్ల తరబడి నూనెలో నాని తోలులా మెరుస్తున్నాయి. ఆయన మమ్మల్ని చూడటం లేదు, రోట్లో గింజను చూస్తున్నాడు.

"మన అమ్మమ్మల కాలానికి వెల్‌కమ్ అండీ!" అంది మైకమ్మాయి. "ఇది ప్యూర్ నువ్వుల నూనె. ఇందులో మనం ఏమీ కలపం. జీరో. ఒక్క చుక్క నీళ్లు కూడా పడవు."

సరిగ్గా ఆ మాటకే ఆమె వెనక గానుగాయన లోటాలో చెయ్యి ముంచి రోట్లో నీళ్లు చిలకరించాడు. చిలకరించక ఏం చేస్తాడు? నీళ్లు తగలందే నువ్వుల పిండి నూనెను వదలదు. ఎప్పుడు, ఎన్ని చుక్కలు అనేదే ఆ పనిలో ఉన్న విద్య అంతా. తక్కువైతే నూనె పిండిలోనే ఉండిపోతుంది, ఎక్కువైతే అంతా ముద్దవుతుంది.

ఫోను పట్టుకున్న ఒకావిడ చూసింది. "మరి ఆయన పోస్తున్నదేంటి?"

మైకమ్మాయి వెనక్కి తిరిగి చూసి, "అది... పూజ నీళ్లు మేడం. బ్లెస్సింగ్స్," అంది.

నలుగురైదుగురు చేతులు జోడించారు. నాకు అరవై మూడేళ్లు. గానుగ నీళ్లకు దండం పెట్టినవాళ్లను ఆ రోజే చూశాను.

తర్వాత రుచి చూపించారు. నూనె పిండగా మిగిలిన చెక్కను చిన్న చిన్న ముక్కలు చేసి ఆకుదొన్నెల్లో పెట్టి, ఇది బలమైన ఆహారమని, డబ్బాల్లో కూడా దొరుకుతుందని చెప్పింది ఆ అమ్మాయి. ప్రెసిడెంటు ఒక ముక్క నోట్లో వేసుకుని నా చెవి దగ్గరికి వంగాడు.

"సేఠ్, గిది మా బర్లు తింటయి గదా."

"నీకెట్లుంది?"

"మంచిగనే ఉంది. బర్లకు చెప్పకుండ్రి, రేటు పెంచుతయి."

ఆ పూట నేను నవ్వింది ఆ ఒక్కసారే. పాలవాళ్ల ఇంటి హాస్యం మా ఇంటికి ఎప్పుడూ నచ్చేది.

అంతలో రోటి పక్క తూము నుంచి నూనె రావడం మొదలైంది. చిక్కగా, మట్టిరంగుగా, సన్నని నలుసులతో. ఆ అమ్మాయి తిన్నగా తూము కిందే గాజు సీసా పట్టి, నిండాక పైకెత్తి చూపింది. "చూశారా, ఎంత క్లౌడీగా ఉందో! ఇదే ప్యూరిటీ. ఫ్యాక్టరీ నూనె ఇలా ఉండదు." అక్కడికక్కడే బిరడా పెట్టి, మెడకు జనపతాడు కట్టి, పక్కనున్న బల్ల మీద వరసలో పెట్టింది. వచ్చినవాళ్లు చేతులు చాస్తున్నారు. మా ఇళ్లల్లో నూనె చేతికి ఇవ్వరు, కింద పెడితే తీసుకుంటారు. అది అక్కడెవరికీ తెలియదు. చేతి నుంచి చేతికి సీసాలు పోతూనే ఉన్నాయి.

"గిదే సేఠ్ మన దీపానికి," అన్నాడు ప్రెసిడెంటు. "ఆదివారం పొద్దుగాల్నే పిండి, వేడి వేడిగ తెస్తరట. లైవ్‌ల చూపిస్తరట."

బల్ల మీది సీసా ఒకటి తీసి వెలుతురుకు పట్టి చూశాను.

గానుగ నుంచి వచ్చిన నూనెలో ఆ చిలకరించిన నీటి తడి ఉంటుంది, గింజ నలుసు ఉంటుంది. మా ఇంట్లో కొత్త నూనెను వెడల్పు గుండిగల్లో పోసి, పది రోజులు ఎవరూ కదపకుండా ఎండ తగిలేచోట ఉంచేవారు. మడ్డి అడుక్కు దిగి, పైన నూనె తేరేది. తేరిన నూనె వంటకు, దీపానికి. మడ్డి బండి ఇరుసులకు. తేరని నూనె దీపంలో పోస్తే ఒత్తి చిటపటలాడుతుంది, కొసన నల్లగా గడ్డ కడుతుంది, ఆరిపోతుంది. అది గానుగ ఇళ్లల్లో చిన్నపిల్లలకు కూడా తెలిసిన సంగతి. ఇక్కడ దాన్ని స్వచ్ఛత పేరుతో సీసాకెక్కిస్తున్నారు. ఆదివారం పొద్దున, బోనాలెత్తుకున్న ఆడవాళ్లు గల్లీ చివరిదాకా నిలబడి ఉండగా, టెంటు కింద మైకులో వీళ్ల పేరు మోగుతుండగా, అఖండ దీపం ఆరిపోతుంది.

నేను నోరు మూసుకుంటే చాలు. దీపం ఆరిన గుడికి ఏం జరుగుతుందో, ఆ నూనె తెచ్చినవాళ్లకు గల్లీలో ఏం జరుగుతుందో నాకు తెలుసు. వచ్చే ఏడు ఆషాఢం రాకముందే కమిటీ మొత్తం మా మెట్ల దగ్గర నిలబడుతుంది, హారన్ కొట్టకుండా. నా జీవితంలో ఇంత తేలికైన గెలుపు నా చేతికి ఎన్నడూ రాలేదు. ఆ గెలుపును కాసేపు చప్పరించానని చెప్పడానికి నాకు సిగ్గు లేదు.

అందరూ షెడ్డు అవతలి కొసన ఫొటోలకు వెళ్లాక గానుగాయన దగ్గరికి నడిచాను.

"ఇది తేరలే," అన్నాను.

ఆయన తలెత్తి మొదటిసారి నన్ను చూశాడు. "తేరలే సేఠ్‌సాబ్."

"దీపానికి పోస్తే?"

షెడ్డు అవతలికి ఒకసారి చూసి, గొంతు తగ్గించాడు. "ఆరిపోతది."

"మీ సారుకు చెప్పలే?"

"మూడు సార్లు చెప్పిన. తేటగుంటె జనాలు ఫ్యాక్టరీది అనుకుంటరట. మురికుంటెనే అసల్ అట. కూలోన్ని, ఇంకెంత చెప్తా?"

"మీ ఇంట్ల గిదే వాడ్తరా?"

ఆయన నవ్వాడు. "ఎందుకు వాడ్తం? నా వాటా నూనె గడ్డి కొట్టంల పెట్టుకున్న. ఎండకాలంలది. రెండు నెలల సంది తేరుతుంది."

మా గానుగల మీద పనిచేసినవాళ్ల మనవడేమో అడుగుదామనిపించింది. అడగలేదు. అలాంటి కలయికలు కథల్లో జరుగుతాయి. పాతబస్తీలో గానుగ పనివాళ్లు ఎందరో ఉండేవారు, మాకింద ఉన్నవాళ్లు కొందరే.

అప్పుడే ఆ గానుగ యజమాని వచ్చాడు. ముప్ఫై అయిదేళ్లుంటాయి. నలిగిన నార కుర్తా, నెత్తి మీద ముడి. బురదలో చెప్పుల్లేకుండా తిరుగుతున్నాడు. చెప్పులు కొనలేనివాడు అలా తిరగడు, సిగ్గుపడతాడు.

"సర్, మీ ఫ్యామిలీ లెగసీ గురించి విన్నాను," అన్నాడు. "మీ స్టోరీ మా వాల్ మీద పెడదాం సర్. మీ ఫొటోతో."

"గోడ మీద ఫొటో పెట్టేది పోయినవాళ్లకు," అన్నాను. "నీ నూనె దీపానికి పనికిరాదు."

అందరూ ఇటు తిరిగారు. ప్రెసిడెంటు గట్టిగా నవ్వాడు.

"అనుకున్న సేఠ్! ఏదో ఒక వంక పెడ్తరని మా కమిటోళ్లు ముందే అన్నరు. నేనే, లేదు పెద్దమనిషి, గట్ల అనడు అన్న."

నేను భయపడింది సరిగ్గా దీనికే. ఇన్నేళ్లలో ఈ గల్లీ నన్ను బీదవాడన్నది, మొండివాడన్నది, పట్టించుకోలేదు. ఓర్వలేనివాడని అనడం అదే మొదలు. నిజం చెప్పాను, అది ఓర్వలేనితనంలా వినపడింది. తిరిగి వెళ్లిపోదామనుకున్నాను. వెళ్లిపోతే దీపం ఆరుతుంది, నేను గెలుస్తాను, కానీ గల్లీ అనుకున్నట్టు ఓర్వలేనివాడిగానే మిగులుతాను. అది నాకు వద్దు.

"రెండు ప్రమిదలు తెండి," అన్నాను.

అలంకారానికి పెట్టిన ప్రమిదలు అక్కడ చాలానే ఉన్నాయి. ఒకదాంట్లో ఆ బల్ల మీది సీసా నూనె పోయించాను. గానుగాయన వైపు చూశాను. ఆయన తన సారు వైపు చూశాడు. ఆ చూపు కాస్త పొడుగ్గానే సాగింది. ఆ పని పోతే ఆయనకు ఇంకో గానుగ ఎక్కడా లేదు. చివరికి కొట్టంలోకి వెళ్లి ఒక పాత సీసా తెచ్చి, నా ముందు నేల మీద పెట్టి, చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. ఆ షెడ్డులో నూనెను ఎలా ఇవ్వాలో తెలిసిన మనిషి ఒక్కడున్నాడు. సీసాలో నూనె కొత్త తేనెలా ఉంది. రెండో ప్రమిదలో పోశాను.

రెండూ వెలిగాయి. ఫోన్లు లేచాయి. కాసేపటికి మొదటి దీపం చిట్లింది. మళ్లీ చిట్లింది. వేడి చుక్క ఒకటి ఎగిరి నార కుర్తా మీద పడింది. ఒత్తి కొసన నల్లగా గడ్డ కట్టి, మంట చిన్నదై, పొగ వదిలి పోయింది.

"గాలండీ, గాలి వల్ల," అంది మైకమ్మాయి.

ఆఫీసు గదిలోకి తీసుకెళ్లి తలుపు వేసి మళ్లీ వెలిగించారు. మళ్లీ ఆరింది. గానుగాయన దీపం ఆ రెండుసార్లూ తొణక్కుండా నిలబడి వెలిగింది.

ప్రెసిడెంటు మొహంలో నవ్వు పోయింది. "అమ్మో. బోనాల నాడు గిట్లయితే మమ్మల్ని గల్లీల ఉండనిస్తరా?" నా వైపు తిరిగి చేతులు పట్టుకున్నాడు. "తప్పయింది సేఠ్. ఎప్పటిలెక్కనే మీరే తెండి. మీ ఇంటి నూనె."

మా ఇంటి నూనె. పదిహేనేళ్లుగా నేను ఆ ఇత్తడి చెంబులో తీసుకెళ్తున్నది బజారులో కొన్న సీసా నూనె. సీలు తీసి చెంబులో పోసి, సీసా చెత్తలో వేసి, పట్టుపంచె కట్టుకుని వెళ్తాను. తేటగా ఉంటుంది, మండుతుంది. ఏ గింజదో, ఎక్కడ పిండారో నాకు తెలియదు. ఎవరూ అడగలేదు కాబట్టి అబద్ధం చెప్పాల్సిన అవసరం రాలేదు. గానుగ ముందు నిలబడి, ఆ గానుగాయన వింటుండగా, "సరే, మా ఇంటి నూనె తెస్తాను" అనడానికి మాత్రం నోరు రాలేదు.

"వెలుగుతున్న నూనె ఈయనది," అన్నాను. "ఈయన తెస్తాడు. ఈయనే పోస్తాడు."

"పర్ఫెక్ట్ సర్!" అన్నాడు యజమాని. "మా బ్రాండ్ తరఫున—"

"నీ సీసాలో కాదు. ఈ తలపాగాతో కాదు. ఈయన మీద నువ్వు కోపం పెట్టుకుంటే, ఈ రెండు దీపాల సంగతి ప్రెసిడెంటు గల్లీ అంతా చెప్తాడు."

"చెప్తా," అన్నాడు ప్రెసిడెంటు వెంటనే. అప్పుడు అతనికి మరో అనుమానం వచ్చింది. "కని సేఠ్... ఆయన పోసుడేంది? మీ ఇంటోళ్లు పోస్తరు గదా. గానుగోళ్లు ఎన్నడన్న పోసిండ్రా?"

ఎన్నడూ పోయలేదు. మా ఇంటి పెద్ద చెంబు పట్టుకుని ముందు నడిస్తే, నూనె పిండినవాడు కారిన చుక్కలు తుడవడానికి గుడ్డ పట్టుకుని వెనక నడిచేవాడు. గుడి గడప దగ్గర ఆగిపోయేవాడు. చిన్నప్పుడు నేను చూశాను, అందులో తప్పు ఉందని ఎన్నడూ అనుకోలేదు. ఇప్పుడూ ఏదో ఉదారబుద్ధి పుట్టి చేశానని ఎవరైనా అనుకుంటే అది పొరపాటు. ఆ హక్కు నా చేతిలోంచి పోయేది ఎలాగూ పోతోంది. నెత్తి మీద ముడి వేసుకున్నవాడికి పోవడం కన్నా, నూనె అంటే ఏమిటో తెలిసిన చేతికి పోవడం నయమనిపించింది. అంతే.

"ఈసారి పోస్తారు," అన్నాను.

గానుగాయన తలపాగా తీసి పక్కన పెట్టి, ఆగిపోయిన ఎద్దును మళ్లీ అదిలించాడు. రోట్లో పిండి పాడవుతుందని ఆయన బాధ.

ఆదివారం వాన లేదు. గల్లీ మొగదల కిషన్‌బాగ్ గానుగ వాళ్ల టెంటు, టెంటు నిండా వాళ్ల పేరు. మైకులో గంటకు ఇరవై సార్లు "నూనె సమర్పించినవారు" అంటూ అదే పేరు. ఆ ఒక్కటీ నేను ఆపలేకపోయాను. చెంబు మాత్రం మాదే పంపాను. పంపకపోతే ప్లాస్టిక్ జగ్గు తెస్తారు. తెచ్చేవాళ్లే.

పుట్టి బుద్ధెరిగాక ఆ గుడి ముందు చెంబు, పట్టుపంచె లేకుండా మొదటిసారి వరసలో నిలబడ్డాను. ముందు ఆడవాళ్లు, నెత్తి మీద బోనాలు, పసుపు, వేపాకు. గడపలోంచి లోపలిది కొంచెం కనపడుతోంది. గానుగాయన తెల్ల చొక్కా వేసుకుని, తలకు నూనె రాసుకుని వచ్చాడు. గడప దగ్గర ఆగిపోయాడు. ప్రెసిడెంటు భుజం మీద చెయ్యి వేసి లోపలికి తోశాడు. అఖండ దీపం ముందు నిలబడి చెంబు వంచాడు. రోజూ నూనెలో మునిగే చేతులకు ఆ చిన్న చెంబు అలవాటు లేదు. ధార లావుగా, తొందరగా పడింది. నూనె పొంగి ప్రమిద అంచు దాటి కింది రాయి మీదికి జారింది. ఒత్తి మునిగేలా ఉంది.

"సన్నగ!" అని అరిచాను. "సన్నగ పొయ్! ఆగి, ఆగి!"

ముందున్న వరస మొత్తం వెనక్కి తిరిగింది.

"ఎవలే గీ ముసలాయన, గుళ్లె గిట్ల ఒర్లుతుండు?" అంది బోనమెత్తుకున్న ఒకామె.

"ఎవలో ఏమో," అంది పక్కామె.

లోపల ధార సన్నబడింది.